నిడివి తెలిసిన దర్శకుడు: రాబర్ట్ వైజ్ కెరీర్ మీద ఒక ఎడిటర్ కేస్ స్టడీ

రాబర్ట్ వైజ్ సినిమాల జాబితాలో దర్శకుడి పేరు తీసేసి చూస్తే, ఇవన్నీ ఒక్కరే తీశారంటే నమ్మబుద్ధి కాదు. 1949లో ఒక బాక్సర్ కథ, 1951లో వాషింగ్టన్‌లో దిగిన గ్రహాంతరవాసి, 1958లో గ్యాస్ ఛాంబర్‌కి వెళ్లే ఒక మహిళ, 1961లో న్యూయార్క్ వీధుల్లో గ్యాంగుల డ్యాన్స్, 1963లో దయ్యాల కొంప, 1965లో ఆల్ప్స్ కొండల మీద ఏడుగురు పిల్లలతో పాటలు, 1966లో చైనా నదిలో అమెరికా గన్‌బోటు, 1971లో అంతరిక్షం నుంచి వచ్చిన సూక్ష్మజీవి, 1979లో స్టార్ ట్రెక్. ఉత్తమ దర్శకుడిగా రెండు ఆస్కార్లు, ఆ రెండు సినిమాలకే నిర్మాతగా ఉత్తమ చిత్రం ఆస్కార్లు, మొత్తం నాలుగు. అయినా హాలీవుడ్ గొప్ప దర్శకుల పేర్లు చెప్పమంటే ఈయన పేరు చాలామంది నోట రాదు. సినిమాలు అందరికీ తెలుసు, తీసిన మనిషి తెలియదు.

1950ల్లో ఫ్రాన్స్‌లోనూ, ఆ తర్వాత అమెరికాలోనూ విమర్శకులు దర్శకుడంటే ప్రతి సినిమాలో తన సంతకం కనబడాలని ఒక లెక్క పెట్టుకున్నారు. ఆ లెక్కలో వైజ్‌కి మార్కులు పడలేదు. ఏ కథకు తగ్గట్టు ఆ కథ తీస్తారు, సొంత గొంతు లేదు అన్నారు. ఎడిటింగ్ పనిలో ఉన్నవాడిగా ఆ మాట ఒప్పుకోవడం నా వల్ల కాలేదు. ఆయన సినిమాలు ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ టైమ్‌లైన్ మీద వేసుకుని కట్ కట్‌కీ ఆపి చూస్తే అన్నిట్లోనూ ఒకే ప్రశ్న వినిపిస్తుంది. ఇది ఎంతసేపు చూపాలి, ఎక్కడ ఆపాలి, ఏది అసలు చూపకూడదు? ఎడిటర్ రోజూ వేసుకునే ప్రశ్నే. వైజ్ దాన్ని స్క్రిప్టు దగ్గరికి, సెట్టు మీదికి, చివరికి నిర్మాత కుర్చీలోకి కూడా తీసుకెళ్లారు. ఆయన జానర్లు, అంటే కథల రకాలు, మార్చగలిగింది అందుకే అని నా నమ్మకం.

ఆర్‌కేఓలో చదువు

వైజ్ 1914 సెప్టెంబర్ 10న ఇండియానా రాష్ట్రంలోని వించెస్టర్‌లో పుట్టారు. ఫ్రాంక్లిన్ కాలేజీలో చేరారు గానీ, మహా మాంద్యంలో ఇంట్లో డబ్బుకి కటకట వచ్చి చదువు మధ్యలోనే ఆగిపోయింది. అన్నయ్య డేవిడ్ అప్పటికే లాస్ ఏంజెలెస్‌లో ఆర్‌కేఓ స్టూడియో అకౌంట్స్ విభాగంలో ఉన్నారు. ఆ పరిచయంతో 1933లో తమ్ముడికి ఎడిటింగ్ డిపార్ట్‌మెంట్‌లో ప్రింట్లు మోసే పని దొరికింది. డబ్బాలు ప్రొజెక్షన్ రూమ్‌కి చేరవేయడం, ప్రింటు ఎక్కడైనా చెడిందేమో చూడడం, ఇంతే పని.

అక్కడి నుంచి సౌండ్ ఎఫెక్ట్స్, మ్యూజిక్ ఎడిటింగ్‌లోకి వెళ్లారు. కెరీర్‌లో ఈ మెట్టు గురించి రాసేవాళ్లు తక్కువ. నాకు మాత్రం ఇదే అసలు పునాదిలా కనిపిస్తుంది. బొమ్మ కంటే ముందు శబ్దం కట్ చేయడం నేర్చుకున్నవాడికి, తెర మీద ఏమీ లేకపోయినా చెవి ద్వారా మనిషిని కూర్చోబెట్టవచ్చని తెలుస్తుంది. ముప్పై ఏళ్ల తర్వాత దయ్యాల సినిమాలో ఆయన చేసింది ఇదే. మన దగ్గర కె. విశ్వనాథ్ గారు వాహినీలో సౌండ్ విభాగం నుంచి, ఆదుర్తి సుబ్బారావు గారు ఎడిటింగ్ నుంచి దర్శకత్వానికి వచ్చారు. ఆ దారిలో వచ్చినవాళ్ల సీన్లలో మౌనానికి ఒక కొలత ఉంటుంది.

తర్వాత విలియం హామిల్టన్ అనే సీనియర్ ఎడిటర్ దగ్గర అసిస్టెంటుగా చేరారు. 1939 నాటి 'ద హంచ్‌బ్యాక్ ఆఫ్ నోటర్ డామ్'కు ఇద్దరి పేర్లూ పడ్డాయి. 1941లో దర్శకుడు ఆర్సన్ వెల్స్ తీసిన, కేన్ అనే పత్రికాధిపతి కథ 'సిటిజన్ కేన్' చేతికొచ్చింది. ఆ సినిమా ఎడిటింగ్‌కు ఆస్కార్ నామినేషన్ కూడా వచ్చింది.

'కేన్'లో రెండు చోట్లు ప్రతి ఎడిటరూ చూడాలి. మొదటిది, కేన్ చనిపోయాక వచ్చే న్యూస్‌రీల్. అందులోని పాత దృశ్యాలు నిజంగా ఏళ్ల క్రితం తీసినట్టు కనబడాలి. ఇవాళైతే ఒక ప్లగిన్ వేస్తే గీతలు వచ్చేస్తాయి. వైజ్ బృందం ఫిల్మును ఇసుక పోసిన పల్చటి గుడ్డలోంచి లాగి నిజంగానే గీతలు పడేలా చేసింది. రెండోది, కేన్, అతని మొదటి భార్య ఎమిలీ బ్రేక్‌ఫాస్ట్ బల్ల దగ్గర కూర్చునే మాంటేజ్, అంటే చిన్న ముక్కలు వరసగా అతికించి ఏళ్లు గడిపేసే సీన్. కొత్త పెళ్లికొడుకు ముద్దు మాటల దగ్గర మొదలై, ఏళ్లు గడిచాక ఇద్దరూ మాట్లాడుకోకుండా పేపర్ల వెనక దాక్కునే దాకా, ఒక కాపురం మొత్తం రెండు నిమిషాల్లో అయిపోతుంది. చివర్లో ఎమిలీ చేతిలో ఉన్నది మొగుడి పత్రిక కాదు, అతని ప్రత్యర్థి పత్రిక. ఆ సంగతి ఎవరూ నోటితో చెప్పరు. ఒక్కో బ్రేక్‌ఫాస్ట్ అంతకుముందు దాని కంటే ఎంత పొట్టిగా ఉండాలి, కెమెరా ఎంత వేగంగా తిరిగి పక్క ఏడాదిలోకి దూకాలి అన్న లెక్కలోనే ఆ సీన్ ప్రాణం ఉంది.

పోమోనా ప్రివ్యూ

వైజ్ మీద ఇప్పటికీ ఉన్న పెద్ద ఫిర్యాదు 'ద మాగ్నిఫిసెంట్ ఆంబర్సన్స్'. దాన్ని దాటేసి ఈ కేసు రాయడం న్యాయం కాదు.

1942లో వెల్స్ ఈ సినిమా షూటింగ్ ముగించి మరో ప్రాజెక్టు కోసం బ్రెజిల్ వెళ్లారు. ఎడిటింగ్ వైజ్ చేతిలో ఉంది. మార్చి 17న కాలిఫోర్నియాలోని పోమోనాలో ప్రివ్యూ వేశారు. అదే రోజు ఆ థియేటర్లో ఒక సరదా మ్యూజికల్ నడుస్తోంది. దాని కోసం వచ్చిన కుర్రకారు ముందు, ఒక పాతకాలపు కుటుంబం చితికిపోయే కథ పెట్టారు. జనం నవ్వకూడని చోట నవ్వారు, కొందరు లేచి వెళ్లిపోయారు. స్టూడియోకి చెమటలు పట్టాయి. 131 నిమిషాల సినిమా చివరికి 88 నిమిషాలకు దిగింది. కొన్ని సీన్లు కొత్తగా తీశారు, వాటిలో కొన్ని వైజ్ స్వయంగా తీశారు. వెల్స్ రాసుకున్న ముగింపు పోయి మెత్తటి ముగింపు వచ్చింది. సంగీత దర్శకుడు బెర్నార్డ్ హెర్మన్ తన పేరు తీసేయమన్నారు. తీసేసిన నెగటివ్‌ను స్టూడియో తర్వాత నాశనం చేసింది. కాబట్టి వెల్స్ కట్ ఎలా ఉండేదో ఇప్పుడు ఎవరూ చూడలేరు.

అందుబాటులో ఉన్నంతలో సినిమాను కాపాడడానికే ప్రయత్నించామని వైజ్ జీవితాంతం చెప్పుకొచ్చారు. వెల్స్ అభిమానులు ఆయన్ను క్షమించలేదు. నా అభిప్రాయం మధ్యలో ఉంది. స్టూడియో ఆర్డరు వచ్చాక ఉద్యోగి ఎడిటర్ చేయగలిగింది తక్కువ, దర్శకుడు వేరే ఖండంలో ఉన్నప్పుడు మరీ తక్కువ. కానీ మిగిలిన 88 నిమిషాలు జాగ్రత్తగా చూస్తే మొదటి సగంలో లయ చెక్కు చెదరలేదు, చివరి పావుగంటలో మాత్రం సీన్లు ఒకదాన్నొకటి తోసుకుంటూ పోతాయి. ఒకే ఒక్క హాలు, అదీ తప్పు హాలు, ఇచ్చిన తీర్పుకు ఒక గొప్ప సినిమా బలైంది. ప్రివ్యూను వినాలి, కానీ ఏ జనం ముందు వేశాం అన్నది కూడా లెక్కలోకి తీసుకోవాలి. టెస్ట్ షో రిపోర్టులు పట్టుకుని ఎడిటింగ్ రూమ్‌కి వచ్చే నిర్మాతలతో నేను ఈ కథ తరచూ చెబుతుంటాను.

చూపకుండా భయపెట్టడం

దర్శకుడిగా అవకాశం ఇంకొకరి ఇబ్బందిలోంచి వచ్చింది. నిర్మాత వాల్ ల్యూటన్ ఆర్‌కేఓలో తక్కువ బడ్జెట్ హారర్ సినిమాలు తీసేవారు. 'ద కర్స్ ఆఫ్ ద క్యాట్ పీపుల్' షెడ్యూల్ వెనకబడడంతో దర్శకుణ్ణి తప్పించి ఎడిటర్‌గా ఉన్న వైజ్‌ను కూర్చోబెట్టారు. 1944లో ఇద్దరు దర్శకుల పేర్లతో సినిమా వచ్చింది. మరుసటి ఏడాది బోరిస్ కార్లాఫ్‌తో 'ద బాడీ స్నాచర్'.

ల్యూటన్ దగ్గర డబ్బు లేదు కాబట్టి రాక్షసుణ్ణి చూపే వీలు లేదు. నీడ, అడుగుల చప్పుడు, చీకట్లోకి వెళ్లిన మనిషి తిరిగి రాకపోవడం, ఇవే ఆయన సరుకు. 'బాడీ స్నాచర్'లో వీధిలో పాడుకుంటూ తిరిగే అమ్మాయి చీకటి కమాను కిందకి వెళ్తుంది. వెనకే గుర్రపు బండి వెళ్తుంది. కెమెరా కదలదు. పాట వినిపిస్తూనే ఉంటుంది, హఠాత్తుగా మధ్యలో తెగిపోతుంది. హత్య అయిపోయింది. ఆ షాట్‌ను రెండు సెకన్లు ముందు కట్ చేసి చూడండి, ఏమీ మిగలదు. రెండు సెకన్లు ఎక్కువ ఉంచండి, భయం చల్లారిపోతుంది.

71 నిమిషాల గడియారం

'ద సెట్-అప్' (1949) దగ్గర కాస్త ఆగాలి. ఈ కేసు మొత్తంలో నేను నా అసిస్టెంట్లకు మొదట చూపించేది ఇదే.

స్టోకర్ థాంప్సన్‌కి 35 ఏళ్లు, బాక్సింగ్‌లో పనైపోయిన వయసు. ఇంకొక్క గెలుపు చాలు, జీవితం మారిపోతుందని అతని ఆశ. అతను ఎలాగూ ఓడిపోతాడని మేనేజర్ ముందే ఒక జూదగాడి దగ్గర డబ్బు తీసుకుని, ఆ మాట ఇతనికి చెప్పడు. సినిమా మొదట్లో వీధి గడియారం 9:05 చూపిస్తుంది, చివర్లో 10:16. మనం హాల్లో కూర్చున్న సమయం, కథలో గడిచిన సమయం దాదాపు ఒకటే. ఫ్లాష్‌బ్యాక్ లేదు, 'కొన్నాళ్ల తర్వాత' లేదు.

ఇలాంటి కథకు ఎడిటర్ చేతిలో అలవాటైన ఆయుధాలన్నీ పోతాయి. కాలాన్ని కుదించలేం. అప్పుడు టెన్షన్ ఎక్కడి నుంచి తేవాలి? వైజ్ డ్రెస్సింగ్ రూమ్‌ను వాడుకున్నారు. స్టోకర్ వంతు వచ్చేలోపు మిగతా బాక్సర్లు ఒక్కొక్కరుగా రింగుకి వెళ్లి వస్తుంటారు. మొదటి పోటీకి వణికే కుర్రాడు ఉంటాడు, ఇవాళ కాకపోతే రేపు ఛాంపియన్ అవుతానని నమ్మేవాడు ఉంటాడు. తలుపు తెరుచుకున్న ప్రతిసారీ జనం హోరు లోపలికి వస్తుంది, మూసుకోగానే ఆగిపోతుంది. స్టోకర్ గతం, భవిష్యత్తు రెండూ ఆ గదిలో ఉన్న ముఖాల మీదే చదువుకుంటాం. దాచి పెట్టిన ఒప్పందం మనకు తెలుసు, అతనికి తెలియదు. కాబట్టి మామూలు మాటలు కూడా బరువెక్కుతాయి.

ఇక ఫైట్. స్టోకర్‌గా నటించిన రాబర్ట్ రయాన్ కాలేజీ రోజుల్లో నిజంగా బాక్సర్. అందువల్ల డూప్‌ను దాచడానికి కట్ చేయాల్సిన అవసరం లేదు. ఒకటి కంటే ఎక్కువ కెమెరాలు పెట్టి రౌండ్లను పొడవుగా నడిపించారు. రింగు మీంచి కట్ పోయే ప్రతిసారీ అది జనం మీదికి పోతుంది. తిండి ఆపకుండా మింగే లావుపాటి మనిషి, చంపెయ్ అని అరిచే ఆడమనిషి, చెవికి రేడియో పెట్టుకుని వేరే ఆట కూడా వింటున్నవాడు, పక్కవాడు చెబుతుంటే ఊహించుకుంటూ ఊగిపోయే గుడ్డివాడు. వీళ్లను వైజ్ వదిలిపెట్టరు, మళ్లీ మళ్లీ అదే ముఖాలకు వస్తారు, వచ్చినప్పుడల్లా వాళ్ల ఆకలి ఇంకాస్త పెరిగి ఉంటుంది. మన సినిమాల్లో ఫైట్ మధ్య జనం రియాక్షన్ షాట్లు ఎక్కడ పడితే అక్కడ వేసేస్తుంటాం. 'సెట్-అప్'లో ప్రతి రియాక్షన్‌కీ ఒక మొదలు, ఒక పెరుగుదల ఉంది. ఇంకో సంగతి, కథకు బయటి నుంచి వచ్చే నేపథ్య సంగీతం దాదాపు లేదు. వినబడే సంగీతం పక్క వీధి క్లబ్బులోంచి, డ్యాన్స్ హాల్లోంచి వస్తుంది.

ఈ సినిమాకు ఆధారం జోసెఫ్ మాంక్యూర్ మార్చ్ రాసిన కథాకావ్యం. అందులో బాక్సర్ నల్లజాతి మనిషి. సినిమాలో తెల్లవాడిగా మార్చారు. కథలో సగం పదును ఆ మార్పుతోనే పోయిందన్న విమర్శ సబబే. ఎంత ఇష్టమైన సినిమా అయినా ఆ మాట దాచలేను.

జానర్ మారినా పని మారలేదు

1950ల్లో ఫాక్స్, ఎంజీఎం స్టూడియోల కోసం వరసగా తీశారు. 'ద డే ద ఎర్త్ స్టుడ్ స్టిల్' (1951)లో గోర్ట్ అనే రోబోకు కుట్టు కనబడకూడదు. అందుకని రెండు సూట్లు చేయించారు, ఒకదానికి తెరిచే చోటు ముందు వైపు, రెండోదానికి వెనక వైపు. ఏ యాంగిల్ తీస్తున్నారో దాన్ని బట్టి సూటు మారేది. అంటే కట్ ఎక్కడ పడుతుందో షూటింగ్‌కి ముందే తెలిసి ఉండాలి. 'ఎగ్జిక్యూటివ్ సూట్' (1954)లో అసలు నేపథ్య సంగీతమే పెట్టలేదు. ఒక కంపెనీ బోర్డు మీటింగు కథను మాటలు, చప్పుళ్లతోనే నడిపారు.

'ఐ వాంట్ టు లివ్!' (1958) కాలిఫోర్నియాలో 1955లో మరణశిక్ష అమలైన బార్బరా గ్రాహం కథ. ఆ పాత్ర వేసిన సుసాన్ హేవర్డ్‌కి ఉత్తమ నటి ఆస్కార్ వచ్చింది. చివరి భాగం కోసం వైజ్ శాన్ క్వెంటిన్ జైలుకి వెళ్లి నిజమైన మరణశిక్ష అమలును చూశారు. తెర మీద ఆ ఫలితం కనబడుతుంది. యాసిడ్ పోయడం, సైనైడ్ గుళ్లు గుడ్డలో కట్టడం, గుండె చప్పుడు వినే గొట్టం సరిచూడడం, ఇదంతా సిబ్బంది రోజువారీ పనిలా చేసుకుపోతారు. ఎవరూ ఏడవరు, ఎవరూ ఉపన్యాసం ఇవ్వరు. మధ్యలో ఫోను మోగుతుంది, వాయిదా పడుతుంది, మళ్లీ మొదలవుతుంది. ఒకసారి చూపిన ఏర్పాట్లను రెండోసారి మనం ఇంకో మనసుతో చూస్తాం. సినిమా మొత్తం ఆమె నిర్దోషి అన్నట్టు మొగ్గిందన్న ఫిర్యాదు ఉంది. చివరి అరగంట మీద మాత్రం నాకు ఏ ఫిర్యాదూ లేదు.

నిర్మాతగా వైజ్ ఎలాంటివారో చెప్పడానికి 'ఆడ్స్ అగైనెస్ట్ టుమారో' (1959) చాలు. గాయకుడు, నటుడు హ్యారీ బెలఫాంటే సంస్థ కోసం వైజ్ నిర్మించి తీసిన సినిమా ఇది. స్క్రిప్టు రాసిన ఏబ్రహాం పొలాన్‌స్కీ బ్లాక్‌లిస్టులో, అంటే కమ్యూనిస్టులన్న అనుమానంతో హాలీవుడ్ పని ఇవ్వని వాళ్ల జాబితాలో, ఉన్నారు కాబట్టి పేరు వేయలేని పరిస్థితి, తెర మీద ఇంకో రచయిత పేరు పడింది. కొన్ని దృశ్యాలకు ఇన్‌ఫ్రారెడ్ ఫిల్ము వాడారు, ఆకాశం నల్లబడి మబ్బులు తెల్లగా మండుతున్నట్టు ఉంటాయి. ఎడిటింగ్‌కి డెడీ ఆలెన్ అనే ఆవిణ్ణి పెట్టుకున్నారు. అప్పటికి ఆవిడ పేరు పెద్దగా ఎవరికీ తెలియదు. ధైర్యంగా కొత్తగా ప్రయత్నించమని వైజ్ ప్రోత్సహించారని ఆవిడ తర్వాత చెప్పేవారు. ఎనిమిదేళ్లకు 'బానీ అండ్ క్లైడ్' కట్ చేసి అమెరికన్ ఎడిటింగ్‌నే మలుపు తిప్పారు. తను ఎడిటర్ అయి ఉండి కూడా ఇంకో ఎడిటర్ చేతులు కట్టేయకపోవడం చిన్న విషయం కాదు. కత్తెర పట్టడం వచ్చిన దర్శకులు చాలామంది పక్కవాళ్ల భుజం మీంచి టైమ్‌లైన్ నడుపుతుంటారు.

ఇద్దరు దర్శకులు, ఒక సినిమా

'వెస్ట్ సైడ్ స్టోరీ'ని రంగస్థలం మీద నడిపించిన జెరోమ్ రాబిన్స్ సినిమాలోనూ ఉండాలని పట్టుబట్టారు. డ్యాన్సులు రాబిన్స్‌వి, మిగతా కథ వైజ్‌ది అని పంచుకున్నారు. సమస్య మొదటి నిమిషం నుంచే ఉంది. స్టేజీ మీద గ్యాంగు కుర్రాళ్లు డ్యాన్స్ చేస్తే ఎవరూ ఆశ్చర్యపోరు. అదే నిజమైన న్యూయార్క్ వీధిలో, పట్టపగలు, రౌడీ కుర్రాడు గాల్లోకి గెంతి కాళ్లు చాపితే జనం నవ్వుతారు.

వైజ్ వెతికిన దారి ఇది. సినిమా ఆకాశం నుంచి మొదలవుతుంది. కెమెరా నేరుగా కిందికి చూస్తూ వంతెనలు, రోడ్లు, మేడలు దాటుకుంటూ వెళ్తుంది. నగరం ఒక డిజైన్‌లా కనబడుతుంది. అంటే ఇది మనకు తెలిసిన వాస్తవం కాదని కన్ను ముందే ఒప్పుకుంటుంది. ఆ తర్వాత ఒక ఆటస్థలంలోకి దిగి, చిటికెలు. నడక. నడకలో ఒక్కడి చెయ్యి కాస్త లేస్తుంది, మళ్లీ మామూలు నడక. ఇంకొంచెం దూరం వెళ్లాక ఇద్దరు ఒకేసారి తిరుగుతారు. పూర్తి డ్యాన్స్ వచ్చేసరికి మనం దానికి అలవాటు పడి ఉంటాం. ఒక్కో అడుగు ఎంతసేపటికి రావాలో లెక్క తప్పితే ఈ ఓపెనింగ్ మొత్తం కూలిపోయేది. వీధి భాగాలు మన్‌హాటన్‌లో, తర్వాత లింకన్ సెంటర్ అనే కళాకేంద్రం వచ్చిన ప్రాంతం దగ్గర, కూల్చివేతకు ఉన్న ఇళ్ల మధ్య తీశారు.

రాబిన్స్ పర్ఫెక్షన్ కోసం టేకుల మీద టేకులు తీసేవారు. బడ్జెట్, షెడ్యూల్ రెండూ దాటిపోయాయి. షూటింగ్ సగం దాటాక నిర్మాణ సంస్థ ఆయన్ను తప్పించింది. ఇక్కడ వైజ్ చేసిన పని నాకు చాలా గౌరవంగా అనిపిస్తుంది. రాబిన్స్ పేరు దర్శకుడిగా అలాగే ఉంచారు. 1962లో ఇద్దరూ కలిసి ఉత్తమ దర్శకుడి ఆస్కార్ అందుకున్నారు, ఆ అవార్డు ఇద్దరికి కలిపి ఇవ్వడం అదే మొదటిసారి. 11 నామినేషన్లలో 10 గెలిచింది. ప్యూర్టోరికో పాత్రలకు ఇతర నటులను పెట్టి ముఖాలకు ముదురు రంగు పూయడం మాత్రం ఇవాళ చూడలేం. ఆ రంగు గురించి, సినిమాలో నటించిన ప్యూర్టోరికో నటి రీటా మొరెనో స్వయంగా చాలాసార్లు మాట్లాడారు.

తలుపు ఉబ్బిన రాత్రి

అంత పెద్ద రంగుల సినిమా తర్వాత వైజ్ ఇంగ్లండ్ వెళ్లి నలుపు తెలుపులో 'ద హాంటింగ్' (1963) తీశారు. షర్లీ జాక్సన్ నవల ఆధారం. ల్యూటన్ నేర్పిన పాఠానికి ఇది గురుదక్షిణ.

ఈ సినిమాలో దయ్యం ఒక్క ఫ్రేములో కూడా లేదు. ఇద్దరు ఆడవాళ్లు గదిలో ఉంటారు. బయట వరండాలో చప్పుడు. దూరంగా, దగ్గరగా, తలుపు దాకా. తర్వాత ఏమీ ఉండదు. ఆ నిశ్శబ్దాన్ని వైజ్ మామూలు ఎడిటర్ ధైర్యం చేయగలిగే దానికంటే ఎక్కువసేపు ఉంచారు. చప్పుళ్లను ముందే రికార్డు చేసి సెట్లో వినిపించేవారట. నటులు లేని శబ్దానికి భయపడినట్టు నటించాల్సిన పని తప్పింది, కళ్లు సరైన క్షణంలో కదిలాయి. ఇంకోచోట మూసి ఉన్న పెద్ద తలుపు మధ్యలో లోపలికి ఉబ్బుతుంది, ఊపిరి తీస్తున్నట్టు. పొరలు అతికించి చేసిన చెక్కను అవతలి నుంచి మనిషి నెట్టాడు, అంతే. ఆ షాట్ ముందు రెండు మూడు నిమిషాల పాటు మనల్ని తయారు చేయకపోతే అది వంగిన చెక్కే.

లెన్స్ సంగతి కూడా చెప్పాలి. వైజ్‌కి బాగా వెడల్పైన లెన్స్ కావాలి. కెమెరాలు, లెన్సులు చేసే పానావిజన్ సంస్థ దగ్గర 30 ఎంఎం లెన్స్ ఉంది గానీ ఇంకా తయారీలోనే ఉంది, అంచుల్లో గోడలు వంగి కనిపిస్తాయి. లోపం ఉందని తెలిసే తీసుకుంటున్నానని సంతకం పెట్టి మరీ తెచ్చుకున్నారు. ఆయనకు కావలసింది ఆ వంకరే. ఇల్లు కొంచెం తప్పుగా ఉందని కన్నుకు అనిపించాలి, ఎందుకో తెలియకూడదు.

కొండ మీద పాట

'ద సౌండ్ ఆఫ్ మ్యూజిక్' మొదట విలియం వైలర్ తీయాల్సింది. ఆయన తప్పుకున్నాక, 'ద శాండ్ పెబుల్స్' ఆలస్యమవుతూ ఖాళీగా ఉన్న వైజ్‌కి వచ్చింది. 1964లో సాల్జ్‌బర్గ్‌లో యూనిట్ ఎక్కువగా వానతోనే పోరాడింది. ఓపెనింగ్ షాట్‌లో హెలికాప్టర్ గాలికి జూలీ ఆండ్రూస్ మాటిమాటికీ గడ్డిలో పడిపోయేవారు.

తీపి ఎక్కువైన కథ ఇది. రచయిత ఎర్నెస్ట్ లేమన్, వైజ్ ఇద్దరూ ఆ తీపి తగ్గించడానికే ఎక్కువ కష్టపడ్డారు. నాటకంలో మఠంలో పాడే 'మై ఫేవరెట్ థింగ్స్' పాటను ఉరుములకు పిల్లలు భయపడే రాత్రికి మార్చారు. పాటకు పని దొరికింది. 'డో-రే-మీ' ఎడిటర్లకు పెద్దబాలశిక్ష. కొండ మీద స్వరాలు నేర్పడంతో మొదలై, సైకిళ్ల మీద, గుర్రబ్బండిలో, ఊరి వీధుల్లో తిరిగి, మిరాబెల్ తోట మెట్ల మీద ముగుస్తుంది. పాటలో కొద్ది నిమిషాలే, కథలో ఎన్నో రోజులు. మొదట్లో తడబడిన పిల్లలు చివరికి కలిసి పాడతారు. తెలుగు పాటల్లో చరణానికో ఊరు, డ్రెస్సు మార్చడం మనకు కొత్త కాదు. ఇక్కడ తేడా ఒక్కటే, చోటు మారిన ప్రతిసారీ పిల్లలకీ టీచరుకీ మధ్య దూరం కొంచెం తగ్గుతుంది. 'క్లియోపాత్రా' ఖర్చుతో కుదేలైన ఫాక్స్‌ను ఈ సినిమా నిలబెట్టింది. ఉత్తమ చిత్రం, దర్శకత్వంతో సహా 5 ఆస్కార్లు వచ్చాయి. అవార్డుల రోజు వైజ్ హాంకాంగ్‌లో షూటింగ్‌లో ఉన్నారు, ఆయన తరఫున జూలీ ఆండ్రూస్ అందుకున్నారు.

'శాండ్ పెబుల్స్' (1966) స్టీవ్ మెక్వీన్‌కి జీవితంలో ఒకే ఒక్క ఆస్కార్ నామినేషన్ తెచ్చింది. నిర్మాతగా వైజ్‌కి, ఆస్కార్ అకాడమీ నిర్మాతలకిచ్చే గౌరవం థాల్‌బర్గ్ అవార్డు కూడా అప్పుడే వచ్చింది.

ప్రివ్యూ లేని సినిమా

1968లో అదే జూలీ ఆండ్రూస్‌తో 'స్టార్!' తీస్తే ఘోరంగా దెబ్బతింది. స్టూడియో దాన్ని కుదించి, పేరు మార్చి మళ్లీ వదిలినా లాభం లేకపోయింది. 'ది ఆండ్రొమెడా స్ట్రెయిన్' (1971) మళ్లీ పాత వైజ్. అంతరిక్షం నుంచి వచ్చిన సూక్ష్మజీవిని పరిశీలించే ల్యాబులోకి శాస్త్రవేత్తలు ఒక్కో అంతస్తు దిగుతూ ఒళ్లు శుద్ధి చేసుకునే ప్రక్రియను ఆయన తొందరపడకుండా చూపించారు. విసుగు రావాల్సిన చోట కుతూహలం వస్తుంది. ఆ సినిమా స్క్రిప్టు రాసిన నెల్సన్ గిడింగే 'ఐ వాంట్ టు లివ్!', 'హాంటింగ్' కూడా రాశారు. 'వెస్ట్ సైడ్ స్టోరీ', 'సౌండ్ ఆఫ్ మ్యూజిక్', 'ఆండ్రొమెడా' మూడింటికీ ప్రొడక్షన్ డిజైనర్ బోరిస్ లెవెన్. జానర్లు మారుతున్నా మనుషులు మారలేదు. ఆయన బహుముఖ ప్రజ్ఞ గురించి మాట్లాడేవాళ్లు ఈ టీమ్‌ని లెక్కలోకి తీసుకోవడం లేదనిపిస్తుంది.

'స్టార్ ట్రెక్: ద మోషన్ పిక్చర్' రిలీజు తేదీ, 1979 డిసెంబర్ 7, ముందే ఖాయమైపోయింది. గ్రాఫిక్స్ మొదట తీసుకున్న సంస్థ వల్ల కాలేదు, డగ్లస్ ట్రంబుల్, జాన్ డైక్‌స్ట్రా వచ్చి నెలల్లో పూర్తి చేశారు. ఎఫెక్ట్స్ షాట్లు చివరి రోజుల దాకా వస్తూనే ఉన్నాయి. వచ్చినవి వచ్చినట్టు అతికించడమే తప్ప, జనం ముందు వేసి చూసుకుని ట్రిమ్ చేసే వ్యవధి లేదు. వైజ్ ప్రింటును తనే వెంటబెట్టుకుని వాషింగ్టన్ ప్రీమియర్‌కి వెళ్లారు. సినిమా బాగానే ఆడింది, కానీ ల్యాగ్ ఉందన్న మాట అప్పుడూ ఇప్పుడూ ఉంది. కెప్టెన్ కిర్క్ తన ఓడ చుట్టూ తిరిగి చూసే భాగం అందంగా ఉంటుంది, ఎడిటర్‌కి మాత్రం చెయ్యి కత్తెర మీదికి పోతూనే ఉంటుంది. 'ఆంబర్సన్స్' ప్రివ్యూ వల్ల పోయింది, ఇది ప్రివ్యూ లేక కష్టపడింది.

2001లో డీవీడీ కోసం ఆ సినిమాను మళ్లీ బల్ల మీద పెట్టే అవకాశం వైజ్‌కి దొరికింది. అప్పటికి ఆయనకు 87 ఏళ్లు. ఒక చిన్న బృందంతో కూర్చుని కొన్ని సీన్లు బిగించి, కొన్ని చేర్చి, 1979లో కుదరని ఎఫెక్ట్స్ పూర్తి చేయించి, సౌండ్ మళ్లీ మిక్స్ చేయించారు. థియేటర్ వెర్షన్ 132 నిమిషాలు, ఈ కొత్తది 136. నాలుగు నిమిషాలు పెరిగింది, కానీ చూస్తుంటే పొట్టి సినిమాలా వెళ్లిపోతుంది. నా దగ్గర పని నేర్చుకునే వాళ్లకు రెండు వెర్షన్లూ ఇచ్చి, ఎక్కడెక్కడ ముక్క తగ్గింది, ఎక్కడ పెరిగింది, ఒక్కోచోట ఎందుకు అన్నది కాగితం మీద రాసుకు రమ్మంటాను. 2005 సెప్టెంబర్ 14న, 91వ పుట్టినరోజు దాటిన నాలుగు రోజులకు, వైజ్ లాస్ ఏంజెలెస్‌లో కన్నుమూశారు.